ఇంటి అప్పు — దాని నిజమైన వెల

గత విద్యాసంవత్సరము డిసెంబరు నెలలో నేను ఎనిమిదవ తరగతి బాలురకు చక్రవడ్డీ లెక్కలు చెప్పుచుండగా, వెనుక బల్లపై గూర్చున్న యొక విద్యార్థి లేచి, "మాష్టరుగారూ! ఇరువదియేండ్ల అప్పులో పదియేండ్లు తప్పక కట్టినచో సగము తీరినట్లే కదా?" అని యడిగెను. తరగతిలో పలువురు "అవును, అవును" అనిరి. నేను నల్లబల్లపై వ్రాయుచున్న లెక్కను ఆపి, "ఎవరి అప్పు, నాయనా?" అంటిని. వాడు తల వంచుకొని బదులు చెప్పలేదు. తరగతి ముగిసిన పిమ్మట వరండాలో నా యొద్దకు వచ్చి సంగతి తెలియజేసెను.

ఆ బాలుడు మా బోర్డింగులో నుండి చదువుకొనుచున్నాడు. వాని తండ్రి బాపట్లలో చిన్న దుకాణము నడుపుకొనువాడు. పదియేండ్ల క్రిందట ఆయన ఇల్లు కట్టుటకై 20 లక్షల రూపాయలు బ్యాంకు ఋణముగా దీసికొనెను. వడ్డీ నూటికి సంవత్సరమునకు 9. అది చివరివరకు మారనిది. గడువు 20 సంవత్సరములు. ఈ పదియేండ్లలో ఆయన ఒక్క వాయిదాయైనను తప్పలేదు. కుమారుడు కళాశాలలో చేరులోపల ఇంటిపై అప్పు లేకుండ చేయవలెనని తలంచి, రేపల్లె ప్రక్క తన వంతునకు వచ్చిన అరయెకరము మాగాణిని అమ్ముటకు బేరము కుదుర్చుకొని సంచకరువు గూడ పుచ్చుకొనెను. మిగిలిన బాకీ 10 లక్షలుండునని ఆయన లెక్క. బ్యాంకునకు పోయి యడుగగా ఇంకను 14 లక్షల 20 వేలు చెల్లింపవలెనని చెప్పిరట. "మా యింట అందరును మోసపోయితిమని యనుకొనుచున్నారండి" అని చెప్పి ఆ బాలుడు కన్నీరు పెట్టుకొనెను.

మరునాడు వాడు తండ్రి పంపిన కాగితమును తెచ్చెను. నేను దానిని లెక్క చూచితిని. బ్యాంకువారి లెక్కలో తప్పు లేదు. తప్పు మన యూహలో నున్నది. ఈ యూహ ఆ దుకాణదారు నొక్కనిదే కాదు. తెనాలి, బాపట్ల, రేపల్లె పట్టణములలో నేడు ఇల్లు కట్టువారిలోను కొనువారిలోను పెక్కుమంది అప్పు చేయుచునే యున్నారు. వారిలో ఉపాధ్యాయులు, గుమాస్తాలు, వర్తకులు, రైతులు నందరును గలరు. వీరిలో అధికసంఖ్యాకులు బ్యాంకువారి నడుగునది "నెలకెంత?" అనుమాట మాత్రమే. "మొత్తమెంత? ఎన్ని నెలలు?" అని యడుగువారు కొలదిమంది. ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అని మన పెద్దలు చెప్పిన మాటలో మొదటి సగము గోడలకును కప్పునకును మాత్రమే చెందినది కాదు; అప్పునకును చెందును. గోపురము కట్టదలచినవాడు ముందుగా గూర్చుండి వ్యయమును లెక్క చూచుకొనవలెనను సువార్తలోని ఉపమానము మా పాఠశాలలో అందరును విన్నదే. ఆ లెక్క నెట్లు చూచుకొనవలెనో ఈ వ్యాసమున వివరింప బూనుకొంటిని.

బ్యాంకువారు ఈ.యం.ఐ. యని పిలుచు సమాన నెలసరి వాయిదాలో రెండు భాగములు గలవు. మొదటిది, ఆ నెల ఆరంభమున నిలువయున్న బాకీపై ఒక నెల వడ్డీ. రెండవది, ఆ వడ్డీ పోగా మిగిలి అసలునకు జమయగు సొమ్ము. వాయిదా ప్రతి నెలయు నొక్కటియే; దానిలోని భాగములు మాత్రము నెలనెలకు మారుచుండును.

సంవత్సరమునకు నూటికి 9 అనగా నెలకు 0.75. ఇరువది లక్షలపై మొదటి నెల వడ్డీ 15,000 రూపాయలు. ఇక వాయిదా కనుగొనుటకు మార్గ మిది: 1.0075 అను సంఖ్యను 240 నెలలకు 240 మారులు గుణించినచో 6.009 వచ్చును. మొదటి నెల వడ్డీయగు 15,000ను 6.009 చేత గుణించి, అందులో నొకటి తగ్గించిన 5.009 చేత భాగింపవలెను. వచ్చునది 17,995 రూపాయలు. ఇదియే నెలసరి వాయిదా. ఈ జాతి లెక్కలు మనకు క్రొత్తవి కావు. తొమ్మిదవ శతాబ్దమున మహావీరాచార్యులు తన గణితసారసంగ్రహమున వడ్డీ లెక్కలను విరివిగా వివరించెను. పావులూరి మల్లన దానిని తెనుగు పద్యములలోనికి దెచ్చెను.

ఇప్పుడు మొదటి వాయిదాను విప్పి చూతము. చెల్లించినది 17,995, అందులో వడ్డీ 15,000, అసలునకు జమయైనది 2,995 మాత్రమే. రెండవ నెల బాకీ 19,97,005. దానిపై వడ్డీ 14,978. అసలునకు జమ 3,017. అనగా నెలకు ఇరువది రూపాయల చొప్పున అసలు భాగము మెల్లమెల్లగా పెరుగుచు, వడ్డీ భాగము అంతే మెల్లగా తరుగుచున్నది. మొదటి సంవత్సరమున చెల్లించినది సుమారు 2 లక్షల 16 వేలు. అందులో అసలు తగ్గినది 37 వేలకు కొంచె మెక్కువ. ఐదేండ్లకు చెల్లించినది 10 లక్షల 80 వేలు. అసలు తగ్గినది 2 లక్షల 26 వేలు. పదియేండ్లకు చెల్లించినది 21 లక్షల 59 వేలు, అనగా తెచ్చిన దానికంటె నెక్కువ. అసలు తగ్గినది 5 లక్షల 79 వేలు. కావున మిగిలిన బాకీ 14 లక్షల 20 వేలు. బాపట్ల బ్యాంకులో చెప్పిన సంఖ్య ఇదియే.

వాయిదాలో అసలు భాగము వడ్డీ భాగమును మించుట ఈ అప్పులో 149వ నెలలో, అనగా పదుమూడవ యేట గాని జరుగదు. అప్పులో సగము తీరుటకు 14 సంవత్సరములు పట్టును. తక్కిన సగము ఆరేండ్లలో తీరిపోవును. కాలము సగమైనచో అప్పు సగమగునను మాట యెంత తప్పో చదువరులు గ్రహింపగలరు.

ఇట్లేల జరుగవలెనని ఆ బాలుడు నన్నడిగెను. నేను వానికి పొలము సామ్యము చెప్పితిని. ఒక రైతు ఇరువది యెకరముల మాగాణిని కౌలునకు దీసికొనెననుకొనుము. ఏటేట తన చేతిలోని సొమ్ములో నుండి ముందు కౌలు చెల్లించును; మిగిలిన దానితో అదే పొలములో కొన్ని సెంట్లు కొనును. కొన్న సెంట్లపై మరుసటి యేడు కౌలు లేదు. కావున మరుసటి యేడు మరి కొన్ని సెంట్లు అధికముగా కొనగలడు. మొదటి యేండ్లలో పొలమంతయు పరునిదే. సొమ్మంతయు కౌలునకే పోవును. చివరి యేండ్లలో పొలము మిక్కిలి భాగము తనదే, కౌలు స్వల్పము. వడ్డీ యనునది పరుల సొమ్మును మన యొద్ద నుంచుకొన్నందుకు చెల్లించు కౌలు. ఎంత సొమ్ము, ఎంత కాలము ఉంచుకొంటిమో అంత కౌలు. ఇందు మాయ యేమియు లేదు.

వారము దినములకు ఆ తండ్రి స్వయముగా పాఠశాలకు వచ్చెను. లెక్క యంతయు విని, "మాష్టరుగారూ! అసలునకు రెట్టింపు కట్టిన పిమ్మట అప్పే లేదని మా తాతగారు చెప్పెడివారండి. ఆ న్యాయము ఇప్పుడు లేదా?" అని యడిగెను. ఆయన తాతగారు చెప్పినది కల్ల కాదు. చెన్నరాజధానిలో 1938వ సంవత్సరమున వ్యవసాయదారుల ఋణవిమోచనమునకై నాల్గవ చట్టము చేయబడెను. అప్పటి ప్రధానమంత్రి చక్రవర్తి రాజగోపాలాచారిగారు. ధాన్యపు ధరలు పడిపోయి రైతులు అప్పులలో మునిగియున్న కాలమది. రైతు తన పాత ఋణమునకై అసలును వడ్డీయును గలిపి అసలునకు రెట్టింపు అదివరకే చెల్లించియున్నచో ఆ ఋణము పూర్తిగా తీరినట్లే యెంచవలెనని ఆ చట్టము శాసించెను. రేపల్లె తాలూకా గ్రామములలో ఆ మాట మూడు తరముల వరకు నిలిచియుండుట వింత కాదు. హిందూ ధర్మశాస్త్రమునందును ద్విగుణ న్యాయ మొకటి గలదు. దానిని బొంబాయి ప్రాంతమునను కలకత్తా నగరమునను న్యాయస్థానములు పాటించినవి. కాని ఆ న్యాయము ఒక్కసారిగా రాబట్టు వడ్డీ బకాయి అసలును మించరాదని చెప్పునదియే. ఏండ్ల తరబడి చెల్లించిన వడ్డీ మొత్తమునకు అది హద్దు గాదు. నేడు బ్యాంకునకు వ్రాసి యిచ్చిన ఇంటి తనఖాకు ఈ రెంటిలో నేదియు వర్తింపదు. ఇరువది లక్షలకు నలుబది మూడు లక్షలు చెల్లించుట చట్టవిరుద్ధము గాదు. కావున మనలను రక్షింపవలసినది మన లెక్కయే.

తనఖా యన నేమో గూడ ఇచ్చట నొక మాట చెప్పవలెను. మన దేశమున తనఖాలకు ఆధారము 1882వ సంవత్సరపు ఆస్తి బదిలీ చట్టము. పూర్వము గ్రామములలో స్వాధీన తనఖా మెండుగా నుండెడిది. అప్పు తీరువరకు ఋణదాతయే పొలమును అనుభవించెడివాడు. దస్తావేజులను ఋణదాత యొద్ద నుంచి చేయు తనఖా వేరొక విధము. నేటి ఇంటి అప్పులలో మిక్కిలి వాడుకలో నున్నది ఇదియే. ఏ విధమైనను, బాకీ తీర్చి ఆస్తిని విడిపించుకొను హక్కును ఆ చట్టము ఋణస్థునకు ఇచ్చియున్నది. దీర్ఘకాలముపై వాయిదాలతో తీర్చు భూమి తనఖా ఋణములు చెన్నరాజధానిలో సహకార పద్ధతిపై వ్యాపించుట 1929లో కేంద్ర భూమి తనఖా బ్యాంకు స్థాపింపబడిన పిమ్మట జరిగినది. నెల్లూరు, గుంటూరు, కృష్ణా మండలముల రైతులకు నూటికి నెలకు రెండు రూపాయల వడ్డీ నుండి విముక్తి కలిగింపగల మార్గ మది. దీర్ఘకాల ఋణము మేలు చేయునదియే. కాని ఆ దీర్ఘకాలమే దాని వెల.

ఈ మాటను అంకెలలో చూడుడు. ఇరువది లక్షల రూపాయలు, వడ్డీ నూటికి 9. గడువు మాత్రము మార్చినచో:

10 సంవత్సరములు — వాయిదా రూ. 25,335 — మొత్తము వడ్డీ 10 లక్షల 40 వేలు
15 సంవత్సరములు — వాయిదా రూ. 20,285 — మొత్తము వడ్డీ 16 లక్షల 51 వేలు
20 సంవత్సరములు — వాయిదా రూ. 17,995 — మొత్తము వడ్డీ 23 లక్షల 19 వేలు
30 సంవత్సరములు — వాయిదా రూ. 16,092 — మొత్తము వడ్డీ 37 లక్షల 93 వేలు

ఇరువదియేండ్ల గడువును ముప్పదియేండ్లకు పొడిగించినచో నెలకు తగ్గునది 1,903 రూపాయలు మాత్రమే. అధికముగా చెల్లింపవలసిన వడ్డీ 14 లక్షల 74 వేలు. పదునైదేండ్లకు కుదించినచో నెలకు 2,290 రూపాయలు హెచ్చును. మిగులునది ఆరున్నర లక్షలకు పైగా. "నెలకెంత?" అని మాత్రమే యడుగువానికి ముప్పదియేండ్ల అప్పు చౌకగా గనబడును. "మొత్తమెంత?" అని యడుగువానికి దాని నిజస్వరూపము తెలియును.

ముందుగా చెల్లించు సొమ్ము విషయము గూడ ఇట్టిదే. మొదటి సంవత్సరాంతమున వాయిదాలు గాక 50,000 రూపాయలు అసలునకు జమకట్టి, వాయిదాను మార్చక అట్లే కట్టుచు పోయినచో, అప్పు 14 నెలలకు పైగా ముందు తీరును. మిగులు వడ్డీ సుమారు 2 లక్షల 11 వేలు. అదే 50,000 రూపాయలు పదునైదేండ్ల తరువాత కట్టినచో మిగులునది 27 వేలు మాత్రమే. సొమ్ము అదే, కాలము వేరు. చీటీ పాడిన సొమ్ము గాని, పంట సొమ్ము గాని, ఉద్యోగులకు బకాయిలుగా వచ్చు సొమ్ము గాని చేతికందినప్పుడు మొదటి యేండ్లలోనే అసలునకు జమకట్టుట మేలు. చర వడ్డీపై వ్యక్తులకిచ్చిన గృహఋణములకు ముందు చెల్లింపుపై జరిమానా విధింపరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే బ్యాంకులను ఆదేశించినది. స్థిర వడ్డీ గల ఋణమైనచో ఒప్పంద పత్రమును చదివి చూచుకొనవలెను.

ఇప్పుడు చర వడ్డీని గూర్చి నా స్వానుభవము. నేను 2020వ సంవత్సరమున తెనాలిలో ఇల్లు కొనుటకై అప్పు చేసితిని. అప్పటికి రిజర్వు బ్యాంకు రెపో రేటు నూటికి 4. 2019 అక్టోబరు నుండి బ్యాంకులు క్రొత్తగా నిచ్చు చర వడ్డీ గృహఋణములు రెపో వంటి బయటి ప్రమాణమునకు ముడిపెట్టబడినవి. 2022 మే నెల నుండి 2023 ఫిబ్రవరి వరకు ఆ రేటు మెట్టుమెట్టుగా పెరిగి ఆరున్నర యయ్యెను. నాకు వచ్చిన సమాచారమును నేను సరిగా చదువలేదు. వాయిదా కొలదిగా మాత్రమే పెరిగినందున నిశ్చింతగా నుంటిని. కొన్ని నెలల పిమ్మట ఖాతా వివరము దెప్పించి చూడగా, నా యుద్యోగ విరమణకు ముందే తీరవలసిన అప్పు విరమణ తరువాత ఐదేండ్ల వరకు పొడిగింపబడి యుండెను. వడ్డీ లెక్కలు పిల్లలకు నేర్పువాడనై యుండియు నా కాగితమును నేను చదువకపోతినని సిగ్గుపడితిని.

దీని వెల యెంతయో పై యుదాహరణముతోనే చూతము. ఇరువది లక్షల అప్పు ఒక సంవత్సరము నడచిన పిమ్మట వడ్డీ 9 నుండి 10 అయ్యెననుకొనుడు. మిగిలిన నెలలు 228. వాయిదాను మార్చక గడువును మాత్రమే పొడిగించినచో 289 నెలలు పట్టును; అనగా ఐదేండ్లకు మించి హెచ్చు, సుమారు 10 లక్షల 91 వేలు అధిక వ్యయము. గడువును మార్చక వాయిదాను 19,258 రూపాయలకు పెంచుకొన్నచో నెలకు 1,263 రూపాయలు హెచ్చును. మొత్తము మీద అధిక వ్యయము 2 లక్షల 88 వేలు మాత్రమే. రెండు మార్గములకు నడుమ భేదము 8 లక్షలు.

ఇట్లు వడ్డీ మారునప్పుడు ఆ సంగతి ఋణస్థునకు తెలుపవలెననియు, వాయిదా పెంచుకొనుటయా, గడువు పొడిగించుకొనుటయా, రెండునా, లేక కొంత సొమ్ము ముందుగా కట్టుటయా యను నెన్నిక అతనికి ఇవ్వవలెననియు 2023 ఆగస్టు 18వ తేదీన రిజర్వు బ్యాంకు ఉత్తరువు చేసినది. అంతవరకు చెల్లిన అసలు, వడ్డీ, మిగిలిన వాయిదాల సంఖ్య తెలుపు పట్టికను ప్రతి మూడు నెలలకు అందుబాటులో నుంచవలెననియు ఆ యుత్తరువున గలదు. ఆ పట్టికను అడిగి తెచ్చుకొనుడు. నేనును నా భార్యయు ఆలోచించి, ఆమె చీటీ సొమ్మును అసలునకు జమకట్టి, వాయిదాను పెంచమని వ్రాసియిచ్చితిమి. చివరి వాయిదా తిరిగి నా విరమణకు ఈవలికి వచ్చినది.

వడ్డీని చెప్పు పద్ధతులలో గూడ జాగ్రత్త పడవలెను. మన యూళ్లలో నూటికి నెలకు ఒక రూపాయి యందురు. అది సంవత్సరమునకు నూటికి 12. రెండు రూపాయలన్నచో 24. కొందరు వర్తకులు "ఫ్లాటు" వడ్డీ యని తక్కువ సంఖ్యను చూపుదురు. అనగా అసలు తీరుచున్నను వడ్డీ మాత్రము మొదటి అసలంతటిపై చివరివరకు లెక్కింతురు. ఇరువదియేండ్లకు ఫ్లాటు 5 అన్నచో వినుటకు స్వల్పమే. కాని తరుగుచున్న బాకీపై లెక్కించు పద్ధతిలో అది సుమారు 8తో సమానము. ఈ రెండు పద్ధతులను తెలియక పోల్చినవాడు నష్టపోవును.

వడ్డీ గాక పరిశీలన రుసుము, న్యాయవాది యభిప్రాయమునకు రుసుము, ఇంటి విలువ కట్టువారి రుసుము, తనఖా పత్రమునకు స్టాంపు ఖర్చు, బీమా యనునవి గూడ గలవు. ఇవన్నియు గలుపగా నిజముగా నూటికెంత పడునో తెలుపు ముఖ్యాంశముల పత్రమును ఋణమిచ్చుటకు ముందే ఇయ్యవలెనను నియమము 2024 అక్టోబరు 1వ తేదీ నుండి అమలులోనికి వచ్చినది. రెండు బ్యాంకులను పోల్చునప్పుడు ప్రకటనలోని రేటును గాక ఆ పత్రములోని వార్షిక రేటును పోల్పవలెను. అప్పు పూర్తిగా తీరిన పిమ్మట 30 దినములలో దస్తావేజులను తిరిగి యిచ్చివేయవలెననియు, తమ వలన ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయల చొప్పున పరిహార మీయవలెననియు 2023 సెప్టెంబరులో వెలువడిన మరియొక యుత్తరువు చెప్పుచున్నది. దస్తావేజులు చేతికి వచ్చిన తరువాత ఎన్‌కంబరెన్సు సర్టిఫికెట్టు తీసి, తనఖా తొలగినట్లు నమోదైనదో లేదో చూచుకొనుట మరువరాదు.

ఇంతవరకు చదివినవారు ఇంటికై అప్పు చేయుటయే తప్పని తలంపవలదు. 1977 నవంబరు 19వ తేదీ నాటి తుపానును చూచిన మన తీరవాసులకు గట్టి యింటి విలువ యెరుక లేనిది గాదు. పిల్లలు పెద్దవారగువరకు సొమ్ము కూడబెట్టి పిమ్మట ఇల్లు కట్టుద మనుకొన్నచో ఆ పిల్లలు ఆ యింట పెరుగనే పెరుగరు. అద్దె యింటనున్నచో అద్దె యెటులను చెల్లింపవలసినదే. దానిని వడ్డీలో నుండి మినహాయించి చూచుట న్యాయము. ఇరువదియేండ్ల తరువాతి రూపాయి నేటి రూపాయితో సమానము గాదనుటయు నిజమే. ఆదాయపు పన్నులో గొందరికి, వారెన్నుకొన్న పద్ధతిని బట్టి, కొంత మినహాయింపు దొరకును. ఇవన్నియు లెక్కలో చేర్పవలసినవే. నేను చెప్పున దొక్కటియే: ఇంటి వెల యేజెంటు చెప్పిన సంఖ్య గాదు, నెలసరి వాయిదాయు గాదు. వాయిదాను నెలల సంఖ్యచే గుణించి, చేతి సొమ్మును ఖర్చులను దానికి గలిపినచో వచ్చునది ఇంటి వెల. ఈ గుణకారము ఎనిమిదవ తరగతి బాలుడు చేయగలడు.

ఆ దుకాణదారు సంగతి చెప్పి ముగింతును. పొలము బేరము తప్పించుకొనినచో పుచ్చుకొన్న సంచకరువు విషయమున మాట పోవును. అమ్మినచో అప్పు పూర్తిగా తీరదు. ఈ రెంటి నడుమ ఆయన చిక్కుకొని యుండెను. నేనును ఆయన కుమారుడును గలిసి మరియొక లెక్క వేసితిమి. ఆయన ఒప్పంద పత్రమున ముందు చెల్లింపునకు జరిమానా లేదు. పొలము సొమ్ము 10 లక్షలు అసలునకు జమకట్టినచో బాకీ 4 లక్షల 20 వేలు మిగులును. అప్పుడు వాయిదాను తగ్గించుకొని తక్కిన పదియేండ్లు కట్టవచ్చును. లేదా పాత వాయిదాయే కట్టుచు త్వరగా ముగింపవచ్చును. పాత వాయిదాయే కట్టినచో 26 నెలలలో అప్పు తీరిపోవును. మిగులు వడ్డీ సుమారు 6 లక్షల 95 వేలు. ఆయన కొంతసేపు ఊరకుండి, "నెలకు తగ్గకపోయినను ఫరవాలేదండి. వీడు పదవ తరగతి పరీక్ష వ్రాయులోపల తీరును గదా?" అని యడిగెను. తీరునంటిమి. బ్యాంకులో వాయిదా తగ్గింతుమా, గడువు తగ్గింతుమా యని యడిగినప్పుడు ఆయన గడువే తగ్గింపుడని వ్రాసియిచ్చెను.

ఆ బాలుడు ఇప్పుడు తొమ్మిదవ తరగతిలో నున్నాడు. లెక్కల పుస్తకపు చివరి యట్టపై 26 గడులు గీసికొని నెలకొక గడిని కొట్టివేయుచున్నాడు. మా విద్యార్థులు పెద్దవారై ఇండ్లు కట్టుకొను దినమున, సంతకము చేయుటకు ముందు ఒక్క సాయంకాలము కాగితమును కలమును దీసికొని కూర్చుండి, పై చెప్పిన గుణకారమును చేసికొందురుగాక. తలిదండ్రులు ఇదివరకే అప్పు చేసియున్న యెడల, ఆ కాగితములను ఈ సెలవులలోనే వారితో గలిసి చదువుదురుగాక.